సూపర్ హీరోల మీద ఫైళ్లు తెరిచే ఆఫీసు: డీసీ కామిక్స్‌లో డీఈఓ

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది. సూపర్‌గర్ల్ టీవీ సీరియల్‌లో డీఈఓ అనే ప్రభుత్వ సంస్థను చూశారు. డీసీ కామిక్స్‌లో కూడా అది అలాగే ఉంటుందా, పోటీ కామిక్స్ కంపెనీ మార్వెల్ వాళ్ల కథల్లోని షీల్డ్ అనే గూఢచారి సంస్థను చూసి చేసిందేనా, అసలు శక్తులున్న వాళ్ల మీద ప్రభుత్వం కన్నేసి ఉంచితే తప్పేంటి, చదవాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి అని అడిగారు.

నేను ఈ కామిక్స్ 1999 నుంచి చదువుతున్నాను. హైదరాబాద్ ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల గుట్టలో దొరికిన 'ఛేజ్' సంచికలు రెండింటితో మొదలైంది. అప్పటికే ఒక ప్రభుత్వ కార్యాలయంలో రికార్డు సెక్షన్‌లో పనిచేస్తున్నాను. ఈ రెండో సంగతి ఎందుకు చెబుతున్నానో కాసేపట్లో తెలుస్తుంది.

ముందు పేరు సంగతి. డీఈఓ అంటే డిపార్ట్‌మెంట్ ఆఫ్ ఎక్స్‌ట్రానార్మల్ ఆపరేషన్స్. మనకు డీఈఓ అనగానే జిల్లా విద్యాశాఖాధికారి గుర్తుకొస్తారు కాబట్టి పూర్తి పేరు ఒకసారి చెప్పాను. ఇది 1998 జనవరి తేదీతో వచ్చిన బ్యాట్‌మన్ 550వ సంచికలో మొదటిసారి కనిపిస్తుంది. వెంటనే ఫిబ్రవరి తేదీతో డీఈఓ ఏజెంటు కామెరాన్ ఛేజ్ కథగా 'ఛేజ్' అనే పత్రిక మొదలైంది. రచన డి. కర్టిస్ జాన్సన్, బొమ్మలు జె. హెచ్. విలియమ్స్. తొమ్మిది సంచికలు, ఒక ప్రత్యేక సంచిక వచ్చి ఆగిపోయింది. అమ్మకాలు లేక ఆగిపోయిన ఆ చిన్న పత్రికే నిఘా సంస్థల గురించి సూపర్ హీరో కామిక్స్‌లో వచ్చిన అన్నిటికన్నా మంచి కథ అని నా గట్టి నమ్మకం.

షీల్డ్‌తో పోలిక దగ్గరకు వద్దాం. షీల్డ్ 1965లో స్ట్రేంజ్ టేల్స్ 135వ సంచికలో పుట్టింది. స్టాన్ లీ, జాక్ కర్బీ చేశారు. ఆ రోజుల్లో సినిమాల్లో, టీవీల్లో గూఢచారి కథల జోరు నడుస్తోంది. దానికి తగ్గట్టే షీల్డ్‌కు ఆకాశంలో ఎగిరే హెలీక్యారియర్, వింత ఆయుధాలు, యుద్ధంలో ఆరితేరిన నిక్ ఫ్యూరీ, ఎదురుగా హైడ్రా అనే శత్రు సంస్థ. అంటే శత్రువు బయట ఉన్నాడు, ఏజెంట్లు వెళ్లి కొట్లాడతారు. శక్తులున్న మనుషుల వివరాలు షీల్డ్ దగ్గరా ఉంటాయి కానీ అది పుట్టింది అందుకోసం కాదు. డీఈఓ పుట్టిందే అందుకోసం. అక్కడ ఏజెంటు ముఖ్యమైన పని వెళ్లి చూడటం, నలుగురితో మాట్లాడటం, తిరిగొచ్చి రిపోర్టు రాయడం. ఛేజ్ చేతిలో తుపాకీ ఉన్నా కథను నడిపేది ఆమె రాసే రిపోర్టే.

మార్వెల్‌లో డీఈఓకు నిజమైన బంధువు కావాలంటే హెన్రీ పీటర్ గైరిచ్‌ను చూడండి. ఇతను ప్రభుత్వం తరఫున ఎవెంజర్స్ అనే వీరుల జట్టు దగ్గరకు వచ్చే అధికారి. 1979 మార్చి తేదీతో వచ్చిన ఎవెంజర్స్ 181వ సంచికలో ఒక కాగితం పట్టుకొచ్చి, ఇకపై జట్టులో ఏడుగురే ఉండాలి, ఆ ఏడుగురు ఎవరో నేనే చెబుతాను అంటాడు. హాకైకి చోటు పోతుంది, ఫాల్కన్‌కు వస్తుంది. ఒక్క దెబ్బ పడదు, గది దాటి ఎవరూ వెళ్లరు. లోకాలను కాపాడినవాళ్లు ఆ కాగితం ముందు నిస్సహాయంగా నిలబడతారు. డీఈఓ లాంటి సంస్థల కథలు చదివినప్పుడల్లా నాకు ఆ కాగితమే గుర్తొస్తుంది.

అంతకుముందు ఇలాంటి కథలు ఎందుకు తక్కువ అని కొందరు అడుగుతుంటారు. ఒక కారణం చెబుతాను. 1954లో అమెరికా కామిక్స్ ప్రచురణకర్తలు తమకు తామే ఒక నియమావళి పెట్టుకున్నారు, దాన్నే కామిక్స్ కోడ్ అంటారు. పోలీసులు, న్యాయమూర్తులు, ప్రభుత్వ అధికారులు, గౌరవనీయ సంస్థల మీద అగౌరవం కలిగేలా ఏదీ చూపకూడదని అందులో ఉంది. 1971లో ఆ కోడ్‌ను సడలించారు. తర్వాత నాలుగేళ్లకు, 1975లో, సెనేటర్ ఫ్రాంక్ చర్చ్ అధ్యక్షతన వేసిన కమిటీ ఎఫ్‌బీఐ, సీఐఏలు సొంత పౌరుల మీద ఏళ్ల తరబడి చేసిన నిఘాను బయటపెట్టింది. మార్టిన్ లూథర్ కింగ్ లాంటి మనిషిని కూడా ఎఫ్‌బీఐ వదల్లేదు. ఆయన ఫోన్లు వింది, 1964లో ఆయనను బెదిరిస్తూ ఆకాశరామన్న ఉత్తరం పంపింది. ఈ వార్తలు చదివిన తరమే తర్వాత కామిక్స్ రాసింది.

ఆ వేడిలోంచి వచ్చిన ఒక చిన్న కథ ఉంది, దాన్ని తప్పకుండా చదవండి. 1979 డిసెంబరు తేదీతో వచ్చిన అడ్వెంచర్ కామిక్స్ 466లో పాల్ లెవిట్జ్ రాశాడు. 1940ల నాటి జస్టిస్ సొసైటీ వీరులు 1950లలో ఎందుకు కనిపించకుండా పోయారో అందులో చెబుతాడు. 1951లో వాళ్లను అమెరికా చట్టసభ (కాంగ్రెస్) కమిటీ ముందుకు పిలుస్తారు. మీరు దేశద్రోహులు కాదని ఎలా నమ్మాలి, ముసుగులు తీసి అసలు పేర్లు చెప్పండి అంటారు. నాజీలతో పోరాడినవాళ్లు ముసుగులు తీయకుండా అక్కడి నుంచి మాయమైపోతారు. జట్టు అంతటితో ముగుస్తుంది. అమెరికాలో అదే కాలంలో కమ్యూనిస్టులని అనుమానించి సినిమా రచయితలను, ఉద్యోగులను కమిటీల ముందు నిలబెట్టి మీ స్నేహితుల పేర్లు చెప్పండి అని నిలదీసిన చరిత్ర దీని వెనక ఉంది. ఒక పేరు అడగడం ఎంత పెద్ద హింస కాగలదో ఆ కొద్ది పేజీలు చూపిస్తాయి.

సూపర్ హీరో కథలో ముసుగు వెనక పేరే ప్రాణం. మిగతావన్నీ పోయినా అతను బతుకుతాడు. పేరు బయటపడితే ఇల్లు పోతుంది, తల్లి, భార్య, పిల్లలు శత్రువులకు చిక్కుతారు. అందుకే ఈ కథల్లో ప్రభుత్వం చేతిలో ఉన్న అసలు ఆయుధం ఫైలు.

నా ఉద్యోగం సంగతి ఇప్పుడు చెబుతాను. మా ఆఫీసుల్లో ఒక ఫైలు ముగించేటప్పుడు దాని మీద ఒక గుర్తు వేస్తాం. ఎల్.డిస్ అంటే ఒక ఏడాది ఉంచి తీసేయొచ్చు. డి.డిస్ అంటే పదేళ్లు. ఆర్.డిస్ అంటే శాశ్వతంగా ఉంచాలి. ఒక ఉద్యోగి మీద ఎప్పుడో ఒక ఆకాశరామన్న ఫిర్యాదు వచ్చింది. విచారణ జరిగింది, ఏమీ లేదని తేలింది. అది ఎల్.డిస్‌లో పోవాల్సిన కాగితం. ఎవరో పెద్ద ఫైలులో కలిపి కుట్టడంతో శాశ్వతమైపోయింది. తర్వాత పన్నెండేళ్లలో ఆయన ప్రమోషన్ రెండుసార్లు వచ్చింది, రెండుసార్లూ ఆ పాత కాగితం బయటికొచ్చింది. తప్పు చేయలేదని చివరి పేజీలో రాసి ఉన్నా, చదివేవాళ్ల కన్ను మొదటి పేజీ మీదే ఆగేది. ఆ ఫైలును చేత్తో మోసిన వాణ్ణి నేను. డీఈఓ కథ నాకు ఎందుకంత దగ్గరగా అనిపించిందంటే, అక్కడ ఎల్.డిస్ లేదు. ఎవరి మీద తెరిచినా ఆర్.డిస్సే.

ఆ ఆఫీసు డైరెక్టరు మిస్టర్ బోన్స్. ఇతను 1985లో ఇన్ఫినిటీ ఇంక్ 16వ సంచికలో రాయ్ థామస్, డాన్ థామస్, టాడ్ మెక్‌ఫార్లేన్ సృష్టించిన పాత్ర. గర్భిణుల మీద ఒక డాక్టరు చేసిన ప్రయోగాల వల్ల పుట్టిన పిల్లల్లో ఒకడు. చర్మం, మాంసం పారదర్శకం, ఎముకలు మాత్రమే కనిపిస్తాయి. ఒంట్లో సైనైడ్, ముట్టుకుంటే చస్తారు. మొదట హెలిక్స్ అనే నేరస్థుల గుంపులో ఉంటాడు, తర్వాత ఇన్ఫినిటీ ఇంక్ అనే వీరుల జట్టుతో చేరతాడు. సోలమన్ గ్రండీ అనే రాక్షసుడిని ఉసిగొల్పి బోన్స్ చేత్తోనే స్కైమన్ అనే వీరుణ్ణి చంపిస్తారు. ఆ మనిషే తర్వాత సూటు వేసుకుని, సిగరెట్ తాగుతూ డీఈఓ బల్ల వెనక కూర్చుంటాడు. పుట్టినప్పటి నుంచీ దాచుకోవడానికి తోలు కూడా లేనివాడు, మిగతా అందరి రహస్యాలనూ ఫైళ్లలో పెట్టడం నాకు చాలా బాధగా అనిపించే సంగతి. తనకు దక్కనిది ఇంకెవరికీ దక్కనివ్వకూడదనుకుంటాడా, లేక తన లాంటి పిల్లల్ని ఎవరూ కనిపెట్టలేకపోయారన్న కోపమా? రచయితలు ఏదీ తేల్చి చెప్పరు. నేను రెండోదే నమ్ముతాను.

ఇక కామెరాన్ ఛేజ్. ఈమె తండ్రి వాల్టర్ ఛేజ్. రాత్రిళ్లు ఆక్రో-బ్యాట్ అనే వేషంలో జస్టిస్ ఎక్స్‌పీరియన్స్ అనే చిన్న జట్టులో తిరిగేవాడు. కూతుళ్లకు తెలియదు. డాక్టర్ ట్రాప్ అనేవాడు అతన్ని చంపేశాడు. తండ్రి మాస్కు సంగతి చావు తర్వాతే తెలిసింది కాబట్టి ఛేజ్‌కు మాస్కు వేసుకునే ప్రతివాడి మీదా కోపం. ఇంట్లోవాళ్లకు చెప్పకుండా ప్రాణాల మీదికి తెచ్చుకునే హక్కు నీకెవరిచ్చారు అని అడిగే మనిషి ఆమె. ఆ కోపం న్యాయమైనదే, కామిక్స్‌లో దాన్ని ఇంత నిజాయితీగా రాసినవాళ్లు తక్కువ. అయితే ఆమెలోనూ ఒక శక్తి ఉంది. ఎదుటివాళ్ల శక్తిని ఆర్పేయగలదు. ఆ సంగతి ఆఫీసుకు చెప్పదు. పైవాళ్లకు తెలిస్తే తన పేరుతోనూ ఫైలు తెరుచుకుంటుంది. ఫైలు అంటే ఏంటో ఆమెకన్నా బాగా ఎవరికి తెలుసు?

ఈ ఒక్క మలుపు గమనిస్తే ఇలాంటి సంస్థల మీద వచ్చిన మిగతా కథలు కూడా వేరేగా కనిపిస్తాయి. 2006లో మొదలైన వండర్ ఉమన్ పత్రికలో డయానా ప్రిన్స్, అంటే వండర్ ఉమనే, డిపార్ట్‌మెంట్ ఆఫ్ మెటాహ్యూమన్ అఫైర్స్‌లో ఏజెంటుగా చేరుతుంది. ఆ శాఖ ఎవరి మీద కన్నేసి ఉండాలో ఆమే అందులో ఉద్యోగి. మీరు చూసిన సీరియల్‌లో డైరెక్టరు హ్యాంక్ హెన్షా అసలు మనిషే కాదు, వేషం మార్చుకున్న జాన్ జోన్స్, అంగారక గ్రహం నుంచి వచ్చినవాడు. రచయితలు మళ్లీ మళ్లీ ఇక్కడికే వస్తారు. నిఘా కుర్చీలో కూర్చున్నవాళ్లకు కూడా దాచుకోవాల్సింది ఏదో ఉంటుంది. మంచి కథ ఆ దాపరికాన్ని బయటికి తీస్తుంది, నాసి కథ సంస్థను ఒట్టి విలన్ల గుంపు చేసి వదిలేస్తుంది.

మరి తప్పేంటి అన్న మీ ప్రశ్న. ఒక ఊళ్లో ఒక కుర్రాడికి ఉన్నట్టుండి చేతుల్లోంచి మంటలొస్తాయి అనుకోండి. బడిలో అరవై మంది పిల్లలున్నారు. ఎవరో ఒకరు వెళ్లాలి, వాడితో మాట్లాడాలి, వాణ్ణీ మిగతావాళ్లనూ కాపాడాలి. సూపర్‌మన్ ప్రతి ఊరికీ రాడు. ఆ పని చేసే శాఖ ఉండటం అవసరమే, ఆ విషయంలో నేను ఛేజ్ పక్షమే. తప్పు మూడు చోట్ల మొదలవుతుంది. ఏ పనీ చేయకముందే పుట్టుకను బట్టి ఫైలు తెరవడం. ఆ ఫైలులో ఏముందో ఆ మనిషికి చెప్పకపోవడం, జవాబిచ్చే అవకాశం ఇవ్వకపోవడం. అన్నిటికన్నా పెద్దది మూడోది: ఒక పని కోసం తీసుకున్న వివరాన్ని ఇంకో పనికి వాడుకోవడం.

మొదటిదానికి ఎక్స్-మెన్ కథలు చూడండి. 1981లో అన్‌కానీ ఎక్స్-మెన్ 141, 142 సంచికల్లో క్రిస్ క్లేర్‌మాంట్, జాన్ బర్న్ చూపిన భవిష్యత్తులో మ్యూటెంట్లను, అంటే పుట్టుకతోనే శక్తులున్నవాళ్లను, పుట్టుకను బట్టి విడదీసి శిబిరాల్లో పెడతారు. మనవాళ్లకు ఇది ఊహించుకోవడం కష్టం కాదు. 1871లో మొదలై తర్వాత మన ప్రాంతానికీ విస్తరించిన నేరస్థ తెగల చట్టాల కింద బ్రిటిష్ ప్రభుత్వం కొన్ని కులాలను పుట్టుకతోనే నేరస్థులుగా నమోదు చేసింది. బాపట్ల దగ్గర స్టువర్టుపురం అలా ఏర్పడ్డ సెటిల్‌మెంటే. పేర్లు రిజిస్టరులో, రోజూ హాజరు, ఊరు దాటాలంటే పాసు. 1952లో చట్టం పోయినా ఆ ఊరి పేరు విన్నప్పుడు కొందరి చూపు ఇప్పటికీ మారుతుంది. ఫైలు మూసినా చూపు మూసుకోదని నేను అనేది ఇందుకే.

మూడోదానికి బ్యాట్‌వుమన్ కథ. ఆమె అసలు పేరు కేట్ కేన్. మిలటరీ అకాడమీలో చదువుతుండగా నువ్వు ఆడవాళ్లను ప్రేమిస్తావా అని అడిగారు. కాదని ఒక్క అబద్ధం చెబితే చాలు, చదువు, ఉద్యోగం నిలిచేవి. చెప్పలేదు, బయటికొచ్చేసింది. రికార్డులో అబద్ధం ఉండకూడదనుకున్న అలాంటి మనిషిని, 2011లో మొదలైన పత్రికలో డీఈఓ ఎలా లొంగదీసుకుంటుందో చూడండి. బ్యాట్‌వుమన్ ఎవరో కనిపెట్టే పని ఛేజ్‌దే. కేట్‌కు ఆయుధాలు సమకూర్చింది తండ్రి కల్నల్ జేకబ్ కేన్ అని తేలుతుంది. మా కోసం పనిచేయకపోతే మీ నాన్న జైలుకు పోతాడు అంటారు. జనాన్ని కాపాడటానికని సేకరించిన వివరం బెదిరింపుగా మారిపోయింది. రాసింది జె. హెచ్. విలియమ్స్, డబ్ల్యూ. హేడెన్ బ్లాక్‌మన్. 1998లో ఛేజ్‌ను బొమ్మ గీసిన చేయి పదమూడేళ్ల తర్వాత ఆమెను ఇలాంటి చోటికి తీసుకొచ్చింది. అప్పటి ఛేజ్ అంటే నాకు గౌరవం, ఈ ఛేజ్‌ను చూస్తే దుఃఖం. ఆఫీసులో ఏళ్లు గడిచేకొద్దీ మనిషి ఎలా గట్టిపడతాడో నేను కళ్లారా చూశాను కాబట్టి, ఆ మార్పు నాకు అతిగా అనిపించలేదు.

మార్వెల్ వాళ్ల 'సివిల్ వార్' కథ గురించి కూడా అందరూ అడుగుతారు. 2006లో స్టామ్‌ఫర్డ్ అనే ఊళ్లో పేలుడు జరిగాక శక్తులున్న ప్రతివాళ్లూ పేరు నమోదు చేయించుకోవాలని చట్టం వస్తుంది. స్పైడర్‌మన్ కెమెరాల ముందు మాస్కు తీస్తాడు. కొన్నాళ్లకే అతని కోసం పేల్చిన తూటా మే అత్తకు తగులుతుంది. నమోదు చేయించుకోనివాళ్లకు వేరే లోకంలో జైలు. ఆలోచన గొప్పది, అమలులో కొట్లాటలు ఎక్కువై వాదన పలచబడింది. ఒకసారి చదివితే చాలు.

సీరియల్ విషయం. 2015లో మొదలైన సూపర్‌గర్ల్‌లో డీఈఓ ముఖ్యంగా గ్రహాంతర వాసుల మీద దృష్టి పెడుతుంది, కారా (సూపర్‌గర్ల్ అసలు పేరు) అక్క అలెక్స్ అక్కడ ఏజెంటు, కారా కూడా వాళ్లతో కలిసి పనిచేస్తుంది. ఇల్లులాంటి సంస్థ అది. కామిక్స్‌లో మొదట ఆ ఆత్మీయత లేదు. సీరియల్ నచ్చాక కామిక్స్ వాళ్లే దారి మార్చారు. 2016లో స్టీవ్ ఓర్లాండో రాసిన సూపర్‌గర్ల్‌లో కారాను పెంచే డాన్వర్స్ దంపతులు డీఈఓ ఏజెంట్లు, డైరెక్టరు కుర్చీలో మన ఛేజే. సీరియల్ చూసి వచ్చినవాళ్లకు అది తేలికగా ఉంటుంది.

చదివే వరస నేనైతే ఇలా పెడతాను. ముందు అడ్వెంచర్ కామిక్స్ 466లోని ఆ ఒక్క కథ. తర్వాత ఛేజ్ మొత్తం, అందులో ఏడు, ఎనిమిది సంచికల దగ్గర ఆగి రెండుసార్లు చదవండి. బ్యాట్‌మన్ అసలు పేరు కనుక్కోమని ఛేజ్‌ను గోథమ్‌కు పంపుతారు. మనం అన్నాళ్లూ బ్యాట్‌మన్ పక్క నుంచి చూసిన ఊరిని అతని కోసం వెతికేవాళ్ల కళ్లతో చూస్తాం. ఆ తర్వాత బ్యాట్‌వుమన్ మొదటి పదిహేడు సంచికలు. ఓపిక ఉంటే ఎవెంజర్స్ 181. ఛేజ్ విడి సంచికల కోసం తిరగకండి, 2011లో అన్నీ కలిపి ఒకే పుస్తకంగా వేశారు. బ్యాట్‌మన్ 550 కూడా అందులోనే ఉంది.